ఆల్‌స్టార్ ఆటలో జెర్లిన్ బాస్కెట్

ఇంకో అమ్మాయికి మోకాలు దెబ్బతినడంతో మా జెర్లిన్‌కు ఆల్‌స్టార్ పిలుపు వచ్చింది. తనకిప్పుడు ముప్పై నాలుగేళ్లు. ఇన్నేళ్ల బాస్కెట్‌బాల్ ఆటలో ఇదే మొదటిసారి. మళ్లీ పిలుస్తారన్న ఆశ కూడా లేదు.

"ఒక్క బాస్కెట్ వేస్తే చాలమ్మా, ఇంకేం వద్దు" అంది ఫోన్లో.

నేనూ, మా చెల్లెలు ఓరా కలిసి మా ఊరు గేరీ నుంచి షికాగో వెళ్లాం. ఆటగాళ్ల ఇంటివాళ్లకని ముందు వరుసల్లోనే చోటిచ్చారు.

ఆల్‌స్టార్ అంటే లీగ్‌లోని మేటి ఆటగాళ్లంతా కలిసి ఆడే పండుగ. ఎవరూ ఎవరినీ గట్టిగా అడ్డుకోరు. కానీ మా పిల్ల ఇన్నేళ్లూ తిండి తిన్నది అడ్డుకునే పని మీదే. బెంచీ మీంచి లేచి వెళ్లిందో లేదో, అవతలి జట్టులో పేరున్న టవియా నవ్వుతూ తేలిగ్గా వేయబోయిన బంతిని ఒక్క చరుపు చరిచింది. అది ఎగిరి జనంలో పడింది.

హాలంతా గొల్లున నవ్వింది.

"దీని దుంప తెగ! ఇది ఫైనల్ కాదని ఎవరైనా చెప్పండర్రా!" అని ఓరా పడీపడీ నవ్వింది.

నాకు నవ్వు రాలేదు. జెర్లిన్ తల దించుకుంది. ఆ తర్వాత బంతి చేతికొచ్చినప్పుడల్లా నిప్పు తగిలినట్టు పక్కవాళ్లకు ఇచ్చేసింది.

చివరి నిమిషంలో జట్టు పిల్లలంతా పట్టుబట్టి బంతి తనకే ఇచ్చారు. వేసింది. రింగుకు తగిలి బయటికొచ్చి టవియా చేతుల్లో పడింది. టవియా దాన్ని తీసుకుని అవతలి కొసకు పరుగెత్తాలి. పరుగెత్తలేదు. తిన్నగా వచ్చి జెర్లిన్ చేతుల్లో పెట్టింది.

"వెయ్యవే ముసలీ, జనం ఇళ్లకు పోవాలి!" అని మాకు వినపడేలా అరిచింది.

ఈసారి పడింది. ఓరా చేతిలోని పేలాలన్నీ నా ఒళ్లో పోసింది.

ఆటయ్యాక వరండాలో టవియా చెయ్యి పట్టుకున్నాను. "నీ మేలు మరచిపోను తల్లీ" అన్నాను.

"మేలేంటి ఆంటీ! నేను లీగ్‌లోకి వచ్చిన రోజు నుంచీ మీ పిల్ల నా చేతుల్లోంచి లాక్కుంటూనే ఉంది. ఈవిడ బాధ పడలేకే ఎడమ చేత్తో వేయడం నేర్చుకున్నాను. నాకింత పేరు వచ్చింది దాంతోనే. ఒక్క బంతి నేనే ఇస్తే ఏం పోయింది?"

పక్కనే నిలబడ్డ జెర్లిన్ టవియా భుజం మీద తల వాల్చింది.