ఇరవై గజాల తెల్లబట్ట

మూత తీసేసరికి కొవ్వు వాసన బురుల్ ముఖాన కొట్టింది. గొర్రె తోక కొవ్వు సన్నని సెగ మీద కరుగుతోంది. పైకి తేలిన బూడిదరంగు నురగను ఆమె గరిటెతో తీసి సింకులో పడేసింది. తానెవరో వెతుక్కుంటూ జనం ముందు ముఖానికి కొవ్వు పూసుకునే ప్రదర్శన ఉన్న ప్రతి పొద్దునా, పదకొండేళ్లుగా ఇదే పని. తక్కిన రోజుల్లో బిష్కెక్ పెళ్లిళ్లలో వీడియో తీస్తుంది. ఎంత రుద్దుకున్నా ఈ కంపు ఆమె గోళ్లను వదలదు. కెమెరాతో దగ్గరికి వెళితే పెళ్లికూతుళ్లు మెల్లగా ముఖం పక్కకు తిప్పుకుంటారు.

బల్ల దగ్గర మేనత్త అనర్కాన్ రొట్టె తుంచి పాల టీలో ముంచుకుంటోంది. డెబ్బై ఎనిమిదేళ్ల మనిషి. కొండల్లోని నారిన్ నుంచి నిన్ననే వ్యానులో వచ్చింది. ఒళ్లో మూట ఉంది.

“పిల్లా, పోయినేడూ అడిగాను. ఇంతకీ నువ్వెవరో తేలిందా?”

“ఇంకా లేదత్తా.”

“మా అమ్మా మాకు కొవ్వు పూసేది, మంచుకి బుగ్గలు పగలకుండా. మేమెవరమో చూద్దామని ఒక్కడూ కుర్చీ వేసుక్కూచోలేదు మరి.”

బురుల్ నవ్వింది. 

మూటలో ఉన్నది ఎలెచెక్ కట్టే బట్ట. పెళ్లైన ఆడవాళ్లు తలకు చుట్టుకునే తెల్లటి తలపాగా అది. కొండదారిలో ప్రాణం పోతే ఆ బట్టే శవానికి చుట్టే కఫన్ అవుతుంది. అనర్కాన్‌కు పెళ్లినాడు తల్లి ఇచ్చిన ఇరవై గజాలు అవి. బురుల్ ప్రదర్శనకు అడిగినప్పుడల్లా తెచ్చి ఆమె తలకు తన చేత్తోనే చుడుతుంది. ప్రతిసారీ ఒకే మాట చెబుతుంది: “నుదురు దాటి కొవ్వు రానివ్వకు. రేపు నన్ను చుట్టాల్సింది ఇందులోనే.”

ప్రదర్శన పాత కుట్టు ఫ్యాక్టరీ హాల్లో. గోడకు మూడు తెరలు. ఒకదాని మీద ఎర్ర రుమాలు కట్టుకున్న బడిపిల్ల, ఒకదాని మీద పెళ్లికూతురు, మూడోదాని మీద నలభై ఒక్కేళ్ల ముఖం. మూడూ బురుల్‌వే. వాటి ముందు ఒక పీట. ఆమె పీట మీద కూర్చుని కొవ్వు పూసుకుంటుంటే ఆ ముఖాలు రెప్పలార్పుతూ చూస్తుంటాయి. మొదట్లో వాటికేసి చూస్తే ఏడుపొచ్చేది. ఇప్పుడు ఎవరివో పాస్‌పోర్టు ఫొటోల్లా అనిపిస్తున్నాయి.

నిర్వాహకుడు మక్సత్ ఆమెను పక్కకు పిలిచాడు.

“అక్కా, ఈసారి కొవ్వు తలమీంచి పోద్దాం. బయటిదేశం వాళ్లొచ్చారు. ముఖానికి రాసుకుంటే ఏముంది, క్రీము రాసుకున్నట్టుంటుంది.”

“అది మా అత్త బట్ట.”

“బట్టేగా, ఉతుకుదాం. వసంతంలో బెర్లిన్‌కి ఎవర్ని పిలవాలో ఈరోజే తేలుస్తారు. ఇక నీ ఇష్టం.”

బెర్లిన్ పిలిస్తే పెళ్లిళ్లు మానేయొచ్చు. బురుల్ సరేనంది. అత్తకు చెప్పలేదు.

అనర్కాన్ ముప్పావుగంట సేపు చుట్టింది. ఒక్కో మడతనూ బొటనవేలితో నొక్కింది. “మెడ నిటారుగా పెట్టు. ఇది కట్టుకున్న ఆడది తల వంచదు,” అని వెళ్లి వెనక వరసలో కూర్చుంది.

బురుల్ చేతుల్లో గిన్నె తలమీదికి వంగింది. గోరువెచ్చని కొవ్వు నడినెత్తిన పడి మడతల్లోకి ఇంకి చెవుల వెనక్కి కారింది. ఎవరో తన మీద వాంతి చేసుకున్నట్టనిపించింది బురుల్‌కి. ఫోన్లు పైకి లేచాయి. చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు కూడా జిడ్డుగా ఉన్నాయి. తల వంచడానికి లేదు కనుక, వెనక వరస కేసి చూడకుండా ఉండే వీలు లేకపోయింది. అత్త చప్పట్లు కొట్టలేదు. తన అరచేతులు చూసుకుంటోంది.

టాక్సీలో బట్ట ప్లాస్టిక్ సంచిలో అనర్కాన్ ఒళ్లో ఉంది.

“ఉతుకుతానత్తా. పోతుంది.”

“గొర్రె కొవ్వమ్మా. పోతుందని నీకెవరు చెప్పారు?” సంచి మూతి ముడివేస్తూ అంది, “కొండ మీద మనకది మందు. ఇక్కడ ఆటబొమ్మ.”

ఇంటికొచ్చి ఆమె అరకప్పు టీ తాగింది. మిగతాది చల్లారనిచ్చి గోడవైపు తిరిగి పడుకుంది. బురుల్ తొట్టిలో సలసల కాగే నీళ్లు పోసి, సబ్బు తురిమి మూడుసార్లు ఉతికింది. నీళ్ల మీద తేలిన తెట్టు మణికట్టుకు పట్టుకుంది. బట్టను బాల్కనీలో ఆరేసి, దుప్పటి కప్పుదామని వచ్చేసరికి అత్త ఊపిరి ఆగిపోయి ఉంది. కిటికీలో ఇంకా ఎండ ఉంది.

పక్కింటి సాదత్ వచ్చి అత్త కనురెప్పలు మూసింది. గడ్డానికి రుమాలు కట్టింది.

“కఫన్ బట్ట దాచుకున్నానని ఎప్పుడూ చెప్పేదిగా. ఏదీ?”

బురుల్ బాల్కనీ వైపు చూపించింది. సాదత్ వెళ్లి ఒక కొసను వేళ్ల మధ్య నలిపి, వాసన చూసింది. వేళ్లను గౌనుకు తుడుచుకుంది.

“ఇందులో పంపలేం తల్లీ,” అని కోడల్ని బజారుకు పంపింది, కొత్త బట్ట తెమ్మని.

అప్పుడే ఫోన్ మోగింది. మక్సత్.

“అక్కా, ఆ బట్ట ఉతక్కు. మరకతో సహా అద్దాలపెట్టెలో పెడతారట. బెర్లిన్ ఖాయం.”

 బురుల్ ఫోన్‌ను బల్ల మీద బోర్లించింది. చెయ్యి ముక్కు దగ్గరికి తెచ్చుకుని వెంటనే దూరంగా పెట్టుకుంది.

బాల్కనీలో ఇరవై గజాల బట్ట తాడు మీద మడతలు మడతలుగా వేలాడుతోంది. తలచుట్టు తిరిగిన దూరానికొకటి చొప్పున అదే మరక మళ్లీ మళ్లీ పడింది. ఆఖరున చుట్టిన పైకొసన అరచేయంత, తర్వాత నాణెమంత, తర్వాత పెసరగింజంత. అన్నిటికన్నా లోపల, అత్త మొట్టమొదట చుట్టిన గజం మాత్రం తెల్లగా ఉంది.