పడమటి గోడకు మొలిచిన తలుపు

ఎస్తేరమ్మ ఇంటి పడమటి గోడకు ఈ ఉదయం కొత్త తలుపు మొలిచి ఉంది. దానికి గొళ్ళెం లేదు. ముక్కూ మొహం తెలియనివారు అందులోంచి వరుసగా వచ్చి, చెప్పులైనా విడవకుండా, మంచం పట్టిన ఆమె చెల్లెలు రూతమ్మను చూసి వెళుతున్నారు.

"సంతలో గేదెను చూసినట్టు చూత్తన్నారే అక్కా. దుప్పటి మొహం మీదికి లాగు, నాకు చేతులు లేవట్లా" అంటుంది రూతమ్మ.

దుప్పటి కప్పి ఎస్తేరమ్మ హాల్లోకి వస్తుంది. ఇంటర్నెట్ రౌటర్ ఉండవలసిన అరమీద జానెడు కావలివాడు కాళ్ళు వేలాడేసుకుని కూర్చున్నాడు. అతని చొక్కా గుండీలు పచ్చగా మినుకుమంటున్నాయి. ఇంట్లో చేరిన ప్రతి వస్తువు నుదుటా అతను ఒక అంకె వేస్తాడు. టీవీకి ఉంది. వంట చేస్తూనే చెల్లెలిని కనిపెట్టి ఉండాలని ఎస్తేరమ్మ పెట్టించిన కెమెరాకూ ఉంది.

"ఆ తలుపు ఎవరు తెరవమన్నారు?"

"కెమెరా అడిగిందండి, తెరిచాను."

"నన్ను అడగనక్కరలేదా?"

"బయటోళ్ళడిగితే తెరవనండమ్మగారూ. లోపలోళ్ళడిగితే ఎందుకని అడగను."

"ఇల్లు నాది."

అతను ఆమె నుదురు పరిశీలిస్తాడు. "మీకు అంకె లేదు కదండీ. మీరు ఇంట్లో ఉన్నట్టు నాకు తెలీదు."

ఆ మాటలో న్యాయం లేకపోయినా తప్పు లేదు. ఎస్తేరమ్మ తల వంచి అంకె వేయించుకుంటుంది.

"ఇప్పుడు మూసెయ్యి."

"మూయడం నా చేతిలో లేదండి. వచ్చేవాళ్ళని ఎవరి దగ్గరికి పంపమంటే వాళ్ళ దగ్గరికి పంపుతాను."

"నా దగ్గరికి పంపు."

ఆమె తలుపుకెదురుగా కుర్చీ వేసుకుంటుంది. వచ్చినవారందరూ ఇప్పుడు ఆమె ముందే ఆగుతున్నారు.

"చూసిన కళ్ళు ఇక్కడ పెట్టి వెళ్ళండి."

ఒక్కొక్కరే కళ్ళు తీసి ఆమె ఒడిలో వేసి, గోడ తడుముకుంటూ పోతున్నారు. నేరేడు పళ్ళలాంటి ఆ కళ్ళ తడితో కొంగు బరువెక్కుతుంది.

వరుస చివర ఎస్తేరమ్మే నిలబడి ఉంది. నుదుటి అంకె ఇంకా ఆరలేదు.

"కెమెరా పెట్టేముందు రూతును అడిగావా?" అంటుంది కుర్చీలోని ఎస్తేరమ్మ.

"సొంత చెల్లెలే కదా. అడగలేదు."

"అయితే నీ కళ్ళూ పెట్టు."

ఆమె పెడుతుంది. ఇప్పుడు ఎస్తేరమ్మ తన ఒడిలోంచే, అంతమంది కళ్ళ నడుమ నుంచి, పైకప్పును చూస్తోంది.

పక్కగదిలో రూతమ్మ చేతులు లేస్తాయి. ఆమె దుప్పటిని తానే తొలగించుకుంటుంది.

"ఇంక మూసుకోండి" అంటుంది.

ఒడిలోని కళ్ళన్నీ ఒక్కసారే మూసుకుంటాయి. పడమటి తలుపు కూడా, సన్నని వెంట్రుకల అంచుతో, రెప్పలా పైనుంచి కిందికి వాలుతుంది.