రంపానికి రెండో పిడి

మా ఆయన జయకర్ ఆ సినిమా మళ్ళీ పెట్టాడు. పాత హాలీవుడ్ సినిమా. గళ్ళ చొక్కాల వాళ్ళు అడవిలో మాన్లు కొట్టి నదిలోకి దొర్లిస్తుంటారు, హీరో ఆ తేలే దుంగల మీద పరిగెడుతుంటాడు. దేశం విడిచి ఈ డండాక్ ఊరు వచ్చి ఏడాది దాటినా మా ఆయనకి ఉద్యోగం రాలేదు గానీ, అందులో డైలాగులన్నీ వచ్చేశాయి. ఆస్పత్రి డ్యూటీ దిగి వచ్చేసరికి సోఫాలో అదే చూస్తుంటే నాకు ఒళ్ళు మండేది. దరఖాస్తులన్నీ నేనే పెట్టాను, ఫోన్లూ నేనే చేశాను. చివరికి స్వోర్డ్స్ అనే ఊళ్ళో ఒక మందుల ఫ్యాక్టరీ వాళ్ళు ఇంటర్వ్యూకి పిలిచారు. ఇదీ పోతే గుంటూరు వెళ్ళిపోతానని ఆయన అప్పటికే అనేశాడు. ఒక్కడే.

ఇంటర్వ్యూ రోజు తెల్లారి చూస్తే, రాత్రి తుఫానుకి మా గేటు ముందు దారికి అడ్డంగా చెట్టు పడి ఉంది. కారు లోపల ఇరుక్కుపోయింది. బస్సుల్లేవు, టాక్సీ వాళ్ళు రామన్నారు, ఊరి కౌన్సిల్ వాళ్ళు సాయంత్రం చూస్తామన్నారు. నేను కిటికీకీ తలుపుకీ మధ్య కాలుగాలిన పిల్లిలా తిరుగుతున్నాను.

జయకర్ షెడ్డులోంచి గొడ్డలి తెచ్చాడు. ఆ సినిమా పిచ్చిలో కొన్నదే. హీరోలాగా కాళ్ళు ఎడం చేసి నిలబడి ఎత్తాడు. మొదటి దెబ్బకే గొడ్డలి చేతుల్లోంచి జారి పక్కింటి కంచె దాటి ఎగిరిపోయింది. ఆయన అరచేతులు జిడ్డుగా మెరుస్తున్నాయి.

మమ్మల్ని చూడటానికి వచ్చిన మా అమ్మ సరోజమ్మ గుమ్మంలో, చర్చిలో ప్రార్థన చేసిచ్చిన నూనె సీసాతో నిలబడి ఉంది. ఏ పని మొదలుపెట్టినా ఆ నూనె రాయందే ఆవిడకి తోచదు.

"పిడికి రాశావా అమ్మా?"

"అల్లుడుగారు చెట్టు కొడతానన్నారు గదే. ఇంటర్వ్యూ రోజని కాస్త ఎక్కువే రాశా."

పక్కింటి పెద్దాయన డెక్లన్ గొడ్డలి పట్టుకొచ్చాడు. తిడతాడేమోనని బిగుసుకుపోయాను. ఆయన ఏం పరవాలేదన్నట్టు "గ్రాండ్, గ్రాండ్" అంటూ చెట్టు చుట్టూ తిరిగి చూశాడు. మోటారు రంపం కొడుకు దగ్గరుందట. వాళ్ళ నాన్న కాలం నాటి పొడవాటి రంపం తెచ్చాడు, రెండు కొసలా పిడులున్నది. ఆయన భుజానికి ఈమధ్యే ఆపరేషన్ అయింది. అందుకని ఒక పిడి జయకర్ పట్టుకుంటే, రెండో పిడి నేను పట్టుకున్నాను.

రంపం వంగిపోతోంది, మానులో ఇరుక్కుపోతోంది. టైము గడిచిపోతోంది. నేను ఇంకా గట్టిగా తోశాను.

"నువ్వు తొయ్యకూడదు," అన్నాడు డెక్లన్. "నీ వంతు వచ్చినప్పుడు లాగు. తర్వాత వదిలెయ్. అతను లాక్కుంటాడు."

"సినిమాలోనూ అంతే అబీ," అన్నాడు జయకర్ నాతో, నెమ్మదిగా. "చెబుదామనే అనుకున్నా. నువ్వింటేగా."

నాకు సిగ్గేసింది. ఏడుపూ వచ్చింది. పట్టు సడలించాను. రంపం ఆయన వైపు వెళ్ళింది, మళ్ళీ నా వైపు వచ్చింది. తడి పొట్టు మా ఇద్దరి మీదా రాలడం మొదలైంది.

రెండు చోట్ల కోసి, దుంగని తలా ఒక చెయ్యి వేసి దొర్లించాం. జయకర్ గబగబా చొక్కా మార్చుకుని కారెక్కాడు. సర్టిఫికెట్లు పెట్టుకున్నారా, నిదానంగా మాట్లాడండి, జీతం సంగతి ముందే ఎత్తకండి, అన్నీ నా నోటిదాకా వచ్చాయి. ఆయన కూడా అలవాటుగా అద్దం దించి ఆగాడు.

"వెళ్ళి రండి," అన్నాను.

ఇంకేమైనా అంటానేమోనని కాసేపు చూసి, నవ్వి, కారు కదిలించాడు. జుట్టులో రంపంపొట్టు అలాగే ఉంది. నేను చెప్పలేదు.