బంతి కింద పెట్టొద్దు

గల్ఫ్‌లోని ఆ కూలీల క్యాంపు మొత్తంలో బంతాట ఆడి జీతం తీసుకున్న మొట్టమొదటి మనిషి ఆశన్న. మెట్‌పల్లి దగ్గరి పల్లె, ఆరడుగుల అయిదంగుళాల ఒడ్డూపొడుగూ. వీసాలో హెల్పరని రాసుంది, చేసేది స్లాబు పని. 1978లో ఒకరోజు షార్జాలో ఒక క్లబ్బు ముదీరు, అంటే మేనేజరు, హిదాయతుల్లా, హైదరాబాదు పాతబస్తీ మనిషి, కారాపి సైటు వంక చూశాడు. ఇరవై మంది వరసగా నిలబడి సిమెంటు మాలు తట్టలు చేతులు మారుస్తున్నారు. అందరి తలల పైన ఒక తల.

"ఏయ్ లంబూ! బాస్కెట్‌బాల్ ఆడ్తవా?"

"ఆడితే తట్ట మొయ్యాల్నా సాబ్?"

"వద్దు."

"అయితే ఆడ్త."

అదేం ఆటో కూడా అడగలేదు. ముదీరూ, ఆశన్నకు వీసా ఇచ్చిన కఫీలూ మాట్లాడుకున్నారు, కాయితాలు మారాయి.

తీరా చూస్తే ఆశన్నకు కడుపుబ్బ నవ్వొచ్చింది. పదిమంది మొగోళ్ళు, ఒక్క బంతి, దాన్ని నేలకేసి కొట్టుకుంటూ ఉరుకుడు! స్లాబు లైన్లో తట్ట జారిందంటే కింద ఎవడిదో తల పగిలిందన్నమాటే. బొంబాయిలో ఆరేళ్ళు, ఇక్కడ మూడేళ్ళు ఆ లైన్లో నిలబడ్డ చేతులు. బంతి నేలకు కొట్టమంటే వాటివల్ల కాలేదు. అందుకోవడం, అందించడం, లేదంటే బుట్టలో వేయడం. ఆ ఎత్తుకు బుట్టలో వేయడమంటే జామకాయ తెంపినంత పని. ఒక సీజనంతా అట్లాగే ఆడాడు. జనం నవ్వారు. నవ్వనీ, పాయింట్లు మాత్రం పడ్డాయి.

రెండో సీజను ముంగిట మోకాలు పోయింది. ఎగిరి కిందికొచ్చేసరికి కటుక్కుమంది.

"ఖలాస్ ఆశన్నా. సైటుకు వాపస్ పో," అన్నాడు ముదీరు.

ఆ మోకాలితో తట్ట మోస్తే నెల తిరక్కుండా కంపెనీ ఇంటికి విమానం ఎక్కిస్తుంది. ఆశన్నకు భయమేసింది. భయమేస్తే అతనికి నోరు లేస్తుంది.

"నన్ను కోచును చెయ్యి సాబ్. నేర్పిస్త."

"బంతి కొట్టుడు నీకే రాదు కదా మియా!"

"రానిది నేర్ప. వచ్చింది నేర్పిస్త."

ముదీరు కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వాడు. పాత కోచు వేరే క్లబ్బుకు పోయాడు, కొత్తవాడు దొరకలేదు. అందుకని ఒప్పుకున్నాడు. అల్ ఐన్ జట్టుతో ఒక్క మ్యాచ్. గెలిస్తే కోచు, ఓడితే సైటు.

మర్నాడు సాయంత్రం కోర్టులో బంతి లేదు, తట్టనిండా తడి మాలుంది. జట్టులో బంతి కొట్టడంలో మొనగాడు సనావుల్లా, కరాచీ మనిషి, బ్యాంకు గుమాస్తా. తన తెల్లబూట్లు చూసుకున్నాడు.

"ఉస్తాద్, యే క్యా హై?"

"సిమెంటు. లైన్ల నిలబడు. తట్టను చూడకు, చెయ్యి చాపు. నువ్వాపితే ఎనకోని మీద రెండు పడ్తయ్. కింద పడేస్తే నువ్వే ఊడ్వాలె. యల్లా, కానియ్!"

మొదటిరోజు అందరూ ఊడ్చారు. చూడ్డానికొచ్చిన క్యాంపు దోస్తు భీమయ్య దొర్లి దొర్లి నవ్వాడు. "అన్నా, వీళ్ళు తింటే ముద్ద నోట్లకే పోతదా, చెవులల్ల పడ్తదా?"

నెలకు దారికొచ్చారు. అప్పుడు తట్ట తీసేసి బంతి ఇచ్చాడు. వాళ్ళకది దూదిపింజలా అనిపించింది.

ఆ శుక్రవారమే అల్ ఐన్‌తో మ్యాచ్. టక్, టక్, టక్. చేతినుంచి చేతికి, ఒక్కసారీ నేల తగల్లేదు. మొదటి నిమిషంలోనే రెఫరీ ఈలేసి ఆట ఆపాడు. నియమాల పుస్తకం తెరిచాడు, పేజీలు తిప్పాడు, వెనక్కి తిప్పాడు. బంతిని నేలకు కొట్టి తీరాలని ఎక్కడా లేదు. మూసేశాడు. భీమయ్య బస్సుడు మందిని తెచ్చాడు, బంతి చెయ్యి మారినప్పుడల్లా "హైసా!" అని వాళ్ళ అరుపు. అల్ ఐన్ వాళ్ళు మధ్యలో బొంగరాల్లా తిరిగారు.

కానీ వాళ్ళేం తెలివితక్కువ వాళ్ళు కాదు. చివరికొచ్చేసరికి ఆ చేతుల మధ్య తమ చేతులు పెట్టడం నేర్చారు. రెండు నిమిషాలుండగా ఆశన్న జట్టు ఒక పాయింటు వెనకబడింది. ముదీరు ఆగలేక గీత దాటి లోపలికే వచ్చేశాడు.

"సనావుల్లా! నేలకు కొట్టు! కొట్టుకుంట ఉరుకు!"

సనావుల్లా తికమకపడ్డాడు, చెయ్యి ఆగింది. బంతి పోయింది, అల్ ఐన్ వాళ్ళు బుట్టలో వేశారు. మూడు పాయింట్లు వెనక.

ఆశన్న టైమౌట్ అడిగి కుంటుకుంటూ ముదీరు ముందుకొచ్చాడు. ఆ ముదీరు సొరుగులోనే ఆశన్న పాస్‌పోర్టుంది.

"సాబ్, కోచెవలు?"

"క్యా?"

"ఓడితే సైటుకు పొయ్యేది నేను, నువ్వు గాదు. గీత బయట కూసో."

మందిలోంచి భీమయ్య ఒక్కడే అరిచాడు. "కూసోండ్రి సాబ్, ఎనకోళ్ళకు కనపడ్తలేదు!"

ముదీరు గీత బయటికి పోయి నేలమీదే కూలబడ్డాడు.

ఆట మొదలైంది. ఒక బుట్ట పడింది. ఇంకా ఒక్కటి తక్కువ. ఆఖరి క్షణాల్లో సనావుల్లాకు బంతి దొరికింది, ముందర దారి ఖాళీ. కొట్టుకుంటూ పోతే వీరుడు. ముగ్గురు అతని మీదికే ఉరికారు. అతను చూడకుండా పక్కకు అందించాడు. అక్కడ చెయ్యి ఉండనే ఉంది. బుట్ట! ఈల! ఒక్క పాయింటు పైన! మంది కోర్టులో పడి గంతులే గంతులు.

ముదీరు ప్యాంటు దుమ్ము దులుపుకుంటూ వచ్చాడు.

"అందరి ముంగట నన్ను కూసోబెట్టినవ్."

"అవ్ సాబ్."

"వచ్చే శుక్రవారం ఎక్కడ కూసోవాల్నో ముందే చెప్పు, కోచ్ సాబ్."

ఆశన్న మైదానమంతా కలియజూశాడు, నిజంగానే ఆలోచించాడు.

"ఆడ. భీమయ్య పక్కపొంటి."