బెల్లం పేరంటం

స్వర్ణలత తన కుక్కకు పుట్టినరోజు చేస్తోందన్న సంగతి మక్తల్‌లోని ఆ గల్లీకంతా తెలిసింది. తెలియక ఎక్కడికి పోతుంది, నల్లా దగ్గర చెప్పిన మాటాయె. నల్లా దగ్గర నోరు విప్పితే ఊరికి చాటింపు వేసినట్టే.

"ఆయితారం మాపటికి మా బెల్లం పుట్టినరోజు చేస్తున్న. అందరు రాండ్రి. పిల్లలను గూడ తోల్కోని రాండ్రి," అంది నిండిన బిందె పక్కకు జరుపుతూ.

ఆడవాళ్లు నవ్వారు. ఎగతాళిగా కాదు, మంచిగానే నవ్వారు.

"మా పుట్టినరోజులే మాకు యాదికుండయి. నీ కుక్క నసీబు మంచిగున్నదక్కా," అంది పక్కింటి నాగరాణి.

"వస్తం, ఎందుకు రాము?" అంది ఎదురింటామె.

ఆ "ఎందుకు రాము" అన్న మాటను స్వర్ణలత బిందెతోపాటు ఇంటికి మోసుకొచ్చింది. ఆఫీసులో ఫైళ్లు సర్దుతున్నంతసేపూ దాన్నే తలచుకుంది. ఒక్క మాట దొరికితే ఇంత సంబరపడే మనిషి ఎంత ఒంటరిగా ఉండి ఉంటుందో వేరే చెప్పాలా?

ఆమె పుట్టింది భువనగిరిలో, మగ్గాల చప్పుడు మధ్య. మెట్టింది కూడా అక్కడే. మొగుడు లింగస్వామి కరెంటాఫీసులో పనిచేసేవాడు. ఒకనాడు అన్నం ముందు కూర్చున్నవాడు కూర్చున్నట్టే గుండె ఆగి ఒరిగిపోయాడు. పిల్లలు లేరు. ఆయన పోయాక ఆయన బదులు ఉద్యోగం ఆమెకిచ్చారు, ఇచ్చిన చోటు మాత్రం మక్తల్. భువనగిరి గుట్టను తప్ప మరో గుట్టను ఎరగని మనిషికి అది భూమి చివర. ఇంకాస్త ముందుకు పోతే కర్ణాటక.

గల్లీ వాళ్లు చెడ్డవాళ్లేం కారు. కరివేపాకు అడిగితే గోడ మీది నుంచి అందిస్తారు. జ్వరమొస్తే "గోలీ ఏసుకున్నవా అక్కా" అని కేకేసి అడుగుతారు. కానీ ఆమె గడప దాటి లోపలికొచ్చి, చాప మీద చతికిలబడి, ఒక గ్లాసు చాయ్ తాగిన మనిషి ఇంతవరకు లేదు. ఇందులో ఆమె పాలూ ఉంది. ఎవరైనా ఊరికి బయల్దేరుతుంటే తలుపు చాటున ఆగిపోతుంది, ఎదురొచ్చిందని అనుకుంటారేమోనని. పెండ్లికి పోతే వెనక వరసలో కూర్చుంటుంది. ఎవరూ వద్దనలేదు. వద్దనేదాకా ఎందుకని తనే ముందుగా ఆగిపోతుంది. ఆఫీసుకు పోయేటప్పుడు చిన్న నల్ల స్టిక్కరు పెట్టుకుంటుంది, దానికి ఎవరూ ఏమీ అనలేదు. అయినా భయం భయమే.

బెల్లం ఒక్కటే ఆమెను ఏ లెక్కా అడగకుండా ఇంట్లోకి వచ్చింది. నాగుల పంచమి మరునాడు ముసురు పట్టి ఉంటే, ఆఫీసు ఆవరణలో స్కూటరు కింద ముడుచుకుని వణుకుతూ కనబడింది ఆ కుక్కపిల్ల. రంగు అచ్చం పాత బెల్లం. కొంగులో చుట్టుకుని తెచ్చింది. దాని తల్లి ఎప్పుడు ఈనిందో దేవుడికే తెలియాలి. అందుకని అది ఇంటికొచ్చిన దినమే పుట్టినదినమని స్వర్ణలత తీర్మానించింది. మొదటి రెండేళ్లూ ఇంత కోడిగుడ్డు పెట్టి ఊరుకుంది. ఈసారి మనుషులను పిలవాలనిపించింది. నిజం చెప్పాలంటే పుట్టినరోజు బెల్లానిది, ఆశ మాత్రం ఆమెది. ఒక్క సాయంత్రమైనా తన ఇంట్లో పది గొంతులు వినబడాలి.

అయితే ఒక చిక్కుంది. మన వైపు పిలుపంటే నోటిమాట కాదు. కుంకుమ భరిణె పట్టుకుని ఇంటింటికీ పోవాలి, ఇంటి ఇల్లాలికి బొట్టు పెట్టాలి, "మా ఇంటికి రా" అనాలి. పెండ్లి కానీ, వ్రతం కానీ, పిల్లవాడి పుట్టినరోజు కానీ, బొట్టు పెడితేనే పిలిచినట్టు. నోటితో చెబితే కబురు చెప్పినట్టు, అంతే. ఆ బొట్టు పెట్టే చేయేమో ముత్తైదువుది అయి ఉండాలి. చిటికెడు కుంకుమకు ఎంత పెత్తనమో చూడండి!

స్వర్ణలత శనివారం పొద్దున దేవుడి గూట్లోంచి భరిణె తీసింది కూడా. తలుపు దాకా వచ్చింది. ఎవరి ముఖాన చేయి పెడితే ఎవరు వెనక్కి జరుగుతారో అనుకుంది. లోపలికి పోయి మళ్లీ గూట్లోనే పెట్టేసింది. "కుక్క పుట్టినదినానికి బొట్టేంది, నవ్వుతరు. నల్లాకాడ చెప్పిన గదా," అని తనకు తానే సర్దిచెప్పుకుంది. సర్దిచెప్పుకోవడంలో ఆమెను మించినవాళ్లు లేరు.

పశువుల దవాఖానకు పోయి డాక్టరును ఏం పెట్టొచ్చో అడిగింది. ఆయన నవ్వాపుకుని చెప్పాడు.

"చక్కెర వద్దు, చాక్లెట్ అసలే వద్దు. ఉల్లిగడ్డ, ఎల్లిగడ్డ తగలనియ్యకమ్మా. కోడికూర ఉడకబెట్టి, బొక్కలు తీసి పెట్టు. ఉప్పు కారం ఏమొద్దు."

"బెల్లం?"

"అది గూడ వద్దు."

పేరు బెల్లమే గానీ బెల్లం తినే యోగం లేదన్నమాట. స్వర్ణలతకు నవ్వొచ్చింది. చాలా రోజులకు బజారులో నడుస్తూ ఒక్కతే నవ్వుకుంది.

ఆదివారం పొద్దున్నే బెల్లానికి తలంటింది. అది ఇల్లంతా తడిపి, చాప మీద దొర్లి, ఆమె చీరకు మూతి తుడుచుకుంది. జొన్నపిండిలో గుడ్డు కొట్టి, క్యారెట్ తురుమూ ఉడికిన కోడిమాంసమూ కలిపి, ఇడ్లీ గిన్నెలో ఆవిరి పట్టించి కేకు చేసింది. పైన గట్టి పెరుగు పూసింది. చూడటానికి కేకులాగే ఉంది, కాస్త ఒరిగిన కేకు. వచ్చేవాళ్ల కోసం గారెలు, సేమియా పాయసం. పుట్టింటి మగ్గం మీద మిగిలిన రంగు పోగులను జడలాగా అల్లి, చివర ముడేసి, బెల్లం లాగి ఆడుకునే తాడు చేసింది. తన పాత చీరలతో కుట్టిన బొంత ఒకటి, మెడకు గజ్జె ఉన్న కొత్త పట్టా ఒకటి. పిల్లల ఆటకని స్టీలు గ్లాసులు బోర్లించి వరసగా పెట్టింది. ఒక దాని కింద కోడిముక్క దాస్తే బెల్లం వాసన పట్టి ఏ గ్లాసో చెప్పాలి. దేవుడికి దీపం పెట్టి, ఆ చేత్తోనే బెల్లం నొసట ఇంత కుంకుమ పెట్టింది. కుక్కకు పెడితే అడిగేవాళ్లెవరు?

పొద్దు వాలింది. తలుపులు బార్లా తెరిచి, చాపలు పరిచి, ఇస్తరాకులు తుడిచి పెట్టుకుని కూర్చుంది. ఎవరిదో చెప్పుల చప్పుడు. లేచి నిలబడింది. చప్పుడు ముందుకే పోయింది. ఇంకాసేపటికి ఎదురింటామె బయటికొచ్చి, ఆరిన బట్టలు తీసుకుని, ఇటు చూసి చిన్నగా నవ్వి లోపలికి పోయింది. బెల్లమున్న చోటికి ఈగలు వాటంతటవే వస్తాయంటారు. ఈ బెల్లం దగ్గరికి ఒక్క ఈగా రాలేదు.

కోడి వాసనకు కుక్క ఆగడం లేదు. మూతి ఎత్తి సన్నగా మూలుగుతోంది. "ఉండు నాయినా, పిల్లలు రానీ," అంది. ఇంకాస్త ఆగింది. చివరకు తనే గ్లాసు కింద ముక్క దాచింది. బెల్లం మొదటి దాన్ని వాసన చూసి వదిలేసి, రెండోదాన్ని మూతితో తోసి పడేసి ముక్క అందుకుంది. అందుకుని, మెచ్చుకోమన్నట్టు ఆమె వైపు చూసింది. స్వర్ణలత చప్పట్లు కొట్టింది. ఒక్క మనిషి కొట్టే చప్పట్లు ఇంట్లో ఎంత బోసిగా ఉంటాయో అప్పుడు తెలిసింది. రెండు చేతులూ ఒళ్లో పెట్టేసుకుంది.

"నువ్వన్న ఉన్నవ్. నాకు గది చాలు," అంది కుక్కతో.

చాలలేదు. చాలితే కళ్లు గడప వైపే ఎందుకు పోతాయి?

అప్పుడు గోడ అవతలి నుంచి నాగరాణి కూతురు దీప్తి గొంతు వినబడింది. "అమ్మా, పోదామే. బెల్లం కేకు అయిపోతది."

"ఉండవే. ఆమె ఇంక పిలువలేదు గదా."

"నల్లాకాడ పిలిచిందంటివి!"

"గది ఉత్త ముచ్చటనే. ఇంటికొచ్చి బొట్టు పెట్టి పిలువకుంట ఎట్ల పోతం? రేపు గల్లీల ఏమంటరు, పిలువని పేరంటానికి పోయిన్రు అనరా?"

స్వర్ణలత విన్నది. ముందు సిగ్గేసింది. తర్వాత ఒళ్లు మండింది. బొట్టు పెట్టే చేయి కాదని ఈ లోకమే అంటుంది, బొట్టు పెట్టలేదని ఈ లోకమే అలుగుతుంది! ఇన్నాళ్లూ ఎవరూ అనకముందే ఆగిపోయిన మనిషి, ఈసారి అననీ చూద్దాం అనుకుంది. గూట్లోంచి భరిణె తీసి, బెల్లాన్ని లోపల పెట్టి తలుపు దగ్గరగా వేసి, పక్కింటి గడపలో పోయి నిలబడింది.

నాగరాణి తలుపు దగ్గరే ఉంది. పిల్లలకు తలలు దువ్వి మంచి బట్టలేసి ఉంచింది. దీప్తి చేతిలో రంగు కాయితం చుట్టిన బంతి. వాళ్లంతా ఎప్పటినుంచో తయారై పిలుపు కోసం చూస్తున్నారని స్వర్ణలతకు అర్థమైంది.

"నాగరాణీ, పిలుస్తందుకు వచ్చిన," అని భరిణె మూత తీసింది.

నాగరాణి చూపు భరిణె మీద పడింది. అక్కణ్నుంచి స్వర్ణలత చేతి మీదికి పోయింది. పాదం దానంతటదే కాస్త వెనక్కి జరిగింది. చెడ్డ మనసుతో జరిగింది కాదు. మొగుడి క్షేమం కోరే ఆడదాని భయం, అంతే. కానీ జరిగిన పాదం జరిగినట్టు కనబడింది.

"అక్కా... పిల్లలను తోల్కపో. వాళ్లకు పెట్టు. నేను... పొయ్యి మీద కూర ఉన్నది, జర ఆగి వస్త," అంది నేల చూస్తూ.

స్వర్ణలత మూత పెట్టబోయింది. అనుకున్నదే గదా, ఇంత దూరం ఎందుకొచ్చిందో అనిపించింది.

"ఎవరే రాణీ, గడపల?" అంటూ లోపలి మంచం మీది నుంచి నాగరాణి అత్త హనుమమ్మ కేకేసింది. చూపు మందగించినా చెవులు పాము చెవులు. జరిగినదంతా వినే ఉంది. "స్వర్ణనేనా? ఇటు రా బిడ్డా. నాకు పెట్టు."

"అత్తమ్మా!" అంది నాగరాణి.

"ఏందే అత్తమ్మ? మీ మామ పోయినకాంచి నా నొసటికి ఎవరన్న ఏలు తగిలిచ్చిన్రా? పెండ్లి పిలుపులకు వస్తరు. నీకు బొట్టు పెడ్తరు. నేను గీ మంచం మీదనే కూసోని ఉంటే, 'పెద్దామెను గూడ తోల్కరా' అని నీకు చెప్పి పోతరు. తోల్కపోతందుకు నేనేమన్న సద్దిమూటనా?" ముసలామె ఆయాసపడి ఆగింది. "కుక్క పేరంటమైతేంది. నన్ను పేరు పెట్టి పిలుస్తరా లేదా, గది చెప్పు నాకు."

హనుమమ్మ ముఖం పైకెత్తి, కళ్లు మూసుకుని, బొట్టు కోసం ఎదురుచూస్తూ కూర్చుంది. స్వర్ణలత మంచం పక్కకు పోయి ఉంగరపు వేలిని కుంకుమలో ముంచింది. ఆ నొసలు వెచ్చగా, ముడతలు ముడతలుగా ఉంది. బొట్టు వంకరగా కుదిరింది. కొంత కుంకుమ ముక్కు మీద రాలింది.

"బొట్టు పెడితే అయిపాయెనా? రమ్మనవా?" అంది హనుమమ్మ కళ్లు తెరవకుండానే.

"హనుమమ్మ పెద్దమ్మా, మా ఇంటికి రా," అంది స్వర్ణలత. అంటూనే ఏడ్చేసింది.

"వస్తున్న బిడ్డా. ఎందుకు రాను," అని ముసలామె మంచం దిగి చెప్పులు వెతుక్కుంది. నాగరాణికి ఏం చేయాలో తోచలేదు. చెప్పులు ముందుకు జరిపి, కొంగు చివరతో అత్త ముక్కు మీది కుంకుమ తుడవబోయింది. హనుమమ్మ ఆ చేయి పట్టుకుని ఆపింది.

"తుడువకే. ఉండనీ. నన్ను పిలిచిన్రని గల్లీల అందరు సూడాలె."

గోడ పక్కనే ఇల్లు. అయినా ఆమె స్వర్ణలత చేయి పట్టుకుని గల్లీ నడిమధ్యకు నడిచి, ఎదురింటి వాకిలి ముందు కాస్త ఆగి, అప్పుడు స్వర్ణలత గడప వైపు తిరిగింది.