ఓర్ఫిలియాకి అందని ఆఖరి మాట

“వేషంలో పలికిన మాటకి ఏ నటి మీదా చెయ్యి పడదు. ఇది సైనికుడి మాట.”

మార్చిలో సైనిక ప్రభుత్వం తరఫున కల్నల్ రేడియోలో అన్నదిది. జూన్ కల్లా ఓర్ఫిలియా బెంతోస్ ఫొటో మోంతెవిదెయో ఠాణాల గోడలకెక్కింది. సినిమాలో మాంసం ఫ్యాక్టరీ కూలీగా వేసి, సమ్మె గేటు ముందు నాలుగు మాటలనడమే ఆమె నేరం.

ఫొటోలో ఆమెకి ముప్పై ఎనిమిదేళ్లు. రేవు పక్క నాటకశాలలో మాత్రం మూడు వారాలుగా ఎనభై రెండు. ఏ వేషం వేస్తే ఆ వయసుకి వెళ్లిపోవడం ఆమెకి మొదటినుంచీ ఉన్నదే. రేడియో నాటకంలో పన్నెండేళ్ల పిల్లయినప్పుడు మైకు అందక పీట వేశారు. ఆఖరి మాట పలికితే సొంత వయసు తిరిగొచ్చేది. కానీ రంగస్థలం వాళ్లకి ఒక ఆచారం ఉంది. మొదటి ప్రదర్శన దాకా ఆఖరి మాట ఎవరూ అనకూడదు, కాగితం మీద పెట్టకూడదు. రాసినవాడు దాన్ని ప్రాంప్టర్ చెవిలో చెప్తాడు. ప్రాంప్టర్ ఆ రోజే నటికి అందిస్తాడు.

ఈ నాటకం రాసినాయన మేలోనే సరిహద్దు దాటిపోయాడు. మాట తెలిసినవాడు ప్రాంప్టర్ ఎబెర్ ఒక్కడే. వాడికి ఇరవై రెండేళ్లు.

“కళ ప్రజల ఆయుధం అక్కా. మనం భయపడితే శత్రువు గెలిచినట్టే,” అన్నాడు ఆ సాయంత్రం మాతె ఆకు టీ కోసం నీళ్లు కాస్తూ.

“ఆయుధం తర్వాత, ముందు నీళ్లు దించు. మాతె మాడితే నీ ప్రజలే నిన్ను తంతారు,” అంది దుస్తులు చూసే నెలీదా.

“వాణ్ణి అననీవే. నా మోకాళ్ల నొప్పి కంటే వాడి ఉపన్యాసమే నయం,” అంది ఓర్ఫిలియా.

రిహార్సల్ సగంలో ఉండగా కెప్టెన్ వచ్చాడు, ఇద్దరు మనుషుల్ని తలుపు దగ్గర నిలబెట్టి. ఫొటో మోకాలి మీద పెట్టుకుని ముందు వరసలో కూర్చున్నాడు. వేషంతో ఆమె వయసు మారుతుందని, ఆఖరి మాటతో తిరిగొస్తుందని ఊరందరికీ తెలిసింది అతనికి తెలియదా?

“కానివ్వు మామ్మా. ఆఖరి మాట దాకా చూసి పోతాను.”

ఓర్ఫిలియా చివరి సన్నివేశం దాకా వచ్చి ఆగింది. కెప్టెన్ వేదిక ముందున్న ప్రాంప్టర్ గూటి వైపు తిరిగాడు.

“అందించవోయ్.”

గూట్లో ఉన్నది ఎబెర్. అసలు మాట అందిస్తే ఆమె అక్కడికక్కడే ముప్పై ఎనిమిదేళ్లదై దొరికిపోతుంది. వేరే మాట కావాలి. బుర్రలో వెతికితే నినాదాలే తగిలాయి, ఒక్కోటీ ఐదేళ్ల జైలు. ఇన్ని పుస్తకాలు చదివి సొంతమాట ఒక్కటి లేదా నాకు, అనుకున్నాడు. వణుకు మాత్రం సొంతంగా ఉంది. దాన్నే అందించాడు.

“చలిగా ఉంది. తలుపు వెయ్యండి,” అంది ఓర్ఫిలియా.

కెప్టెన్ ఆమె ముఖం కేసి చూస్తూ ఒక సిగరెట్ పూర్తిగా కాల్చాడు. ఒక్క ముడతా కదల్లేదు.

“ఇదా ముగింపు?”

“కొత్తరకం నాటకాలండీ. మాకూ అర్థం కావు,” అంది నెలీదా.

“వేస్తాంలే మామ్మా.” అందర్నీ బయటికి పంపి, తలుపుకి ప్రభుత్వ ముద్ర వేయించి పోయాడు.

ఓర్ఫిలియా నెలీదా ఇంట్లో ముసలి మేనత్తగా చేరింది. జూలై చలికి దగ్గు మొదలైంది. ఈ గుండె సెప్టెంబరులో వచ్చే వసంతం దాకా ఆగదన్నాడు డాక్టరు.

“ఇప్పుడే చెప్పేస్తాను అక్కా. వయసు తెచ్చేసుకో,” అన్నాడు ఎబెర్.

“తెచ్చుకుని? వీధి చివరికి వెళ్లేలోపు పట్టేస్తారు. ఈ ఒళ్లున్నంతకాలం బస్సులో సీటైనా ఇస్తున్నారు. నీ నోరు జాగ్రత్త నాన్నా.”

ఒక మనిషి నలభై నాలుగేళ్లు తన నోట్లో ఉన్నాయి. నిద్రలో పలవరిస్తానేమోనని ఎబెర్ నోటికి మఫ్లర్ కట్టుకుని పడుకునేవాడు.

ఆగస్టులో, రేడియోలో మాటిచ్చిన ఆ కల్నల్‌కే ఉత్తరం రాశాడు. నినాదాలన్నీ కొట్టేస్తే మూడు వాక్యాలు మిగిలాయి. కింద పేరు రాయబోతుంటే నెలీదా చెయ్యి పట్టుకుంది.

“పేరెందుకురా? నిన్ను తీసుకుపోతే ఆ మాట ఎవరు అందిస్తారు?”

వాడు వంగి ఆ మాట ఆవిడ చెవిలో చెప్పాడు. తర్వాత పూర్తి పేరు, ఇంటి నంబరు రాశాడు.

“ఓర్ఫిలియా బెంతోస్ మీద వారంటు రద్దు చెయ్యండి. ఆ సంగతి పత్రికలో మీ సంతకంతో వెయ్యండి. 1975 ఆగస్టు 29లోగా జవాబు కావాలి.”