గేటు ఇవతలి హాజరు

తిరుమలరావు ఉండేది హిందీవాళ్ల ఊళ్లో, తార్‌బహార్ పేటలో. పనిచేసే రైలింజన్ల షెడ్డు పట్టాలకి అవతల. మధ్యలో గేటు. పొద్దున్నే బొగ్గు బండి వచ్చి గేటు పడిందంటే ఇక అంతే. రైలోడికి రైలే అడ్డం.

మునుపు రిజిస్టర్లో సంతకం పెట్టేవారు, పైవాళ్లు చూసీ చూడనట్టు ఊరుకునేవారు. ఇప్పుడు హాజరు ఫోన్లో. మనిషి షెడ్డులో నిలబడితేనే పడుతుంది. మూడు ఆలస్యాలకి ఒక సెలవు కోత. అందుకే చలికాలంలో సదర్ బజార్ రిపేరు దుకాణంలో ఫోన్ సాఫ్ట్‌వేరే మార్పించేశాడు. అప్పట్నించీ గేటు ఇవతల సైకిలు మీద కాలు ఆన్చి నొక్కినా, ఫోన్ మాత్రం షెడ్డులో ఉన్నానంటుంది.

దెబ్బ ఇన్‌కంటాక్స్ దగ్గర తగిలింది. రిటర్ను వేస్తే చాలదు, వేసింది తనేనని ముప్ఫై రోజుల్లో రుజువు చెయ్యాలి. లేకపోతే వెయ్యనట్టే. ఆధార్‌లో ఉన్న నంబరు ఎప్పుడో పోయింది, ఓటీపీ రాదు. బ్యాంకు యాప్, మార్చిన ఫోన్లో తెరుచుకోను పొమ్మంది. పాత సాఫ్ట్‌వేరే వేయిద్దామంటే ఫోనంతా తుడిచిపెట్టుకుపోతుంది. హాజరు యాప్ మళ్లీ ఎక్కించాలంటే ఆఫీసు అనుమతి కావాలి, ఎందుకు పోయిందని అడుగుతారు. ఎటు తిరిగినా గేటు పడే ఉంది.

గడువు ఇంక ఎనిమిది రోజులుందనగా హెడ్ క్లర్కు విశ్వనాథం దగ్గరకెళ్లాడు. షెడ్డులో తెలుగువాళ్ల పన్ను సందేహాలన్నీ తీర్చేది ఆయనే.

"ఏటిరా తిరుమలా, మొహం అలాగుంది? రిటర్ను తేలలేదా? ఫోనిటియ్యి."

ఇవ్వక తప్పలేదు. విశ్వనాథం కళ్లజోడు నుదుటిమీదకి తోసి బ్యాంకు యాప్ చెప్పిన ముక్క చదివాడు. తర్వాత వేలు మెల్లగా పక్కకి జరిగింది. అక్కడ లొకేషన్ మార్చే యాప్, దాని పటంలో షెడ్డు మీద గుచ్చిపెట్టిన ఎర్ర చుక్క.

"అచ్ఛా," అన్నాడు.

"గేటు బాబూ... రోజూ గేటే."

విశ్వనాథం కంప్యూటర్లోంచి రిటర్ను రసీదు కాగితం తీసి ముందుకి తోశాడు. "సంతకం పెట్టి స్పీడు పోస్టులో బెంగళూరు ఇన్‌కంటాక్స్ ఆఫీసుకి పంపీ. నాలుగు రోజుల్లో అందుతాది. అదే రుజువు."

"మరి ఫోను?"

"దీనికి ఫోనెందుకురా? ముందే అడిగితే సెప్పేవాణ్ణి కదా."

తిరుమలరావు సంతకం పెట్టాడు. అక్కర్లేని ఫోను ఇంకా ఆయన చేతిలోనే ఉంది. విశ్వనాథం దాన్ని బల్లమీద పెట్టి, దాని మీద ఇంకోటి పెట్టి, రెండూ కలిపి ఇటు జరిపాడు. పైది ఆయనది.

"నేనూ కుదుదండ్ నించి గేటు దాటి రావాల. నీది సైకిలు, నాది స్కూటరు. గేటుకి రెండూ ఒకటే. రేపు సదర్ బజార్ పట్టుకెళ్లు."

"బ్యాంకు తెరుచుకోదు బాబూ. మీ రిటర్ను..."

"నాది జూన్లోనే అయిపోయిందిరా."

"దొరికిపోతే?"

"ఎవడు సేయించాడని అడుగుతారు. నాకు తెలిసిన పేరు ఒకటే కదా."

తిరుమలరావు రెండు ఫోన్లూ చెరో జేబులో వేసుకున్నాడు. బయట గేటు గంట మొదలైంది.